మైదాన్ పక్కన అబ్బాలు ఏరీ?



ఈ మాట రాయడానికి నాకు కొంచెం షరమ్‌గానే ఉంది. అయినా రాస్తున్నా. ఈ గలతీ నా ఒక్కడిదే కాదు, మన చాలా ఇళ్లల్లో ఉంది.

2024లో రంజాన్ ఈద్‌కి ‘మైదాన్’ సినిమా వచ్చింది. మన హైదరాబాద్ ఫుట్‌బాల్ ఉస్తాద్ సయ్యద్ అబ్దుల్ రహీమ్ సాబ్ కహానీ. ఖాందాన్ అంతా కలిసి వెళ్లాం. 1962 జకార్తా ఏషియన్ గేమ్స్ ఫైనల్లో మనవాళ్లు దక్షిణ కొరియాను 2-1తో ఓడించే సీన్‌లో నాకు కళ్లు తడిశాయి. ‘మా హైదరాబాదీ సాబ్’ అని పక్క సీటాయనకు ఫఖర్‌గా చెప్పుకున్నా.

అదే నేను, ఈ ఏడాది మా పెద్దోడు వాళ్ల డిగ్రీ కాలేజ్ టీమ్‌లో లెఫ్ట్ బ్యాక్‌గా ఆడితే, సీజన్‌లోని ఏడు మ్యాచుల్లో చూసింది ఒక్కటే. అదీ ఆఖరిది.

మొదట నాలుగు ఫ్రెండ్లీ మ్యాచ్‌లు ఆడారు. తొలి మ్యాచ్‌లోనే 5-0తో ఓడిపోయారు. ఆ రోజు మగ్రిబ్ తర్వాత వాడు మట్టి కాళ్లతో ఇంటికొస్తే నేనన్న మొదటి మాట, ‘ఇందుకేనా ఫీజు కడుతున్నది? కితాబ్ పట్టుకో’ అని. వాడు జవాబివ్వలేదు. తలొంచుకుని ఖానా తిని పడుకున్నాడు. తెల్లారి ఫజర్ కాగానే మళ్లీ బూట్లు పట్టుకుని వెళ్లిపోయాడు. అవి కూడా సండే మార్కెట్‌లో కొన్న పాత బూట్లు.

వాళ్ల గ్రౌండ్ సగం బైకుల పార్కింగే. మిగిలిన సగంలో రాళ్లేరుకుని ప్రాక్టీస్ చేసేవాళ్లు. పిల్లలు పదిహేను మంది, బాల్స్ రెండు. నాలుగు ఫ్రెండ్లీల్లో గెలిచింది ఒక్కటే. కానీ ఇంటర్ కాలేజ్ టోర్నీలో మొదటి మ్యాచ్ గెలిచారు. రెండోది పెనాల్టీల్లో గెలిచారు. ఇదంతా నాకు వాడు చెప్పలేదు. వాళ్ల అమ్మీకి చెప్పేవాడు, ఆమె నాకు చెప్పేది.

క్వార్టర్ ఫైనల్ రోజు ఆమే పట్టుబట్టింది. ‘ఇన్నిసార్లు వాడి మేజోళ్లు ఉతికాను, ఒక్కసారైనా ఆట చూడనివ్వండి జీ’ అంది. దుకాణం తమ్ముడికి అప్పజెప్పి ఇద్దరం వెళ్లాం. అసర్ వేళ. గీత పక్కన చూసేవాళ్లు పట్టుమని ఇరవై మంది లేరు. మా పిల్లల తల్లిదండ్రుల్లో మేమిద్దరమే.

స్కోరు 1-1 ఉన్నప్పుడు మావాడు బాల్ తన్నడంలో ఆలస్యం చేశాడు. అవతలి కుర్రాడు లాక్కుని గోల్ కొట్టేశాడు. 2-1. నా గుండె జారిపోయింది. ఇక టీమ్ అంతా వీణ్ణి తిడతారనుకున్నా. గోల్‌కీపర్ వచ్చి వీడి భుజం మీద చెయ్యేసి, ఏదో చెప్పి, మళ్లీ తన జాగాకు వెళ్లిపోయాడు. అంతే. ఆఖరి విజిల్ దాకా అందరూ పరుగెత్తారు. ఓడిపోయారు.

ఆ గోల్‌కీపర్‌కి ఉన్న సబర్, ఐదు గోల్స్‌తో ఓడిన రాత్రి నాకు లేకపోయింది.

మా భయం నాకు తెలుసు. ‘ఆటతో రోటీ దొరుకుతుందా?’ అంటాం. సవాల్ సరైందే. హైదరాబాద్ సిటీ పోలీస్ టీమ్ 1950 నుంచి 1954 దాకా వరసగా ఐదుసార్లు రోవర్స్ కప్ గెలిచిన జమానా వేరు. ఫుట్‌బాల్ ఆడితే నౌకరీ గ్యారంటీ అని నేను ఎవరికీ చెప్పను. కానీ రహీమ్ సాబ్ ఉస్మానియాలో చదువుకున్న మనిషి, బడిలో పాఠం చెప్పిన టీచర్. తాలీమ్‌కి, ఖేల్‌కి దుష్మనీ ఉందని ఆయన జిందగీ చూసినవాళ్లెవరూ అనలేరు.

ఇంకో మాట. సినిమాలో మనం ఏడ్చింది జీత్ చూసి. దాని వెనక ఉన్న హార్‌లు గుర్తున్నాయా? 1952 హెల్సింకి ఒలింపిక్స్‌లో యుగోస్లావియా చేతిలో 10-1తో ఓడాం. మనవాళ్లలో చాలామందికి కాళ్లకు బూట్లు లేవు. నాలుగేళ్లకు మెల్బోర్న్‌లో ఆస్ట్రేలియాను 4-2తో కొట్టి సెమీఫైనల్‌కి చేరాం, నాలుగో స్థానంలో నిలిచాం. జకార్తాలో కూడా మొదటి మ్యాచ్‌లో ఇదే కొరియా చేతిలో 2-0తో ఓడి, ఫైనల్లో వాళ్లనే గెలిచాం. ఆ మొదటి రోజు రాత్రి రహీమ్ సాబ్ కూడా నాలాగే ‘ఇందుకేనా?’ అని ఊరుకుని ఉంటే?

మన నౌజవాన్‌లు సాయంత్రం ఎక్కడుంటున్నారో మనకు తెలియంది కాదు. పాన్ డబ్బా, హోటల్ బెంచీ, లేదా ఫోన్. పెద్దవాళ్లు గద్దిస్తే మారుమాట్లాడకుండా వినే చోటు, తప్పు చేసినవాణ్ణి తోటివాళ్లు వదిలెయ్యని చోటు ఎన్నున్నాయి? తర్బియత్ కోసం తఖ్రీర్‌లు పెట్టిస్తాం. పక్కనే తర్బియత్ జరుగుతుంటే తొంగి చూడం.

అందుకే నా గుజారిష్. మీ బేటా ఆడుతుంటే సీజన్‌లో ఒక్క మ్యాచ్‌కైనా వెళ్లండి. అమ్మీని కూడా తీసుకెళ్లండి. ఒక నీళ్ల క్యాన్, డజను అరటిపళ్లు పట్టుకెళ్తే ఇంకా మంచిది. ఇంటికొచ్చాక స్కోరు కంటే ముందు దెబ్బలేమైనా తగిలాయా అని అడగండి. నలుగురు తండ్రులు కలిసి ప్రిన్సిపాల్ దగ్గరికి వెళ్తే ఆ బైకులు గ్రౌండ్‌లోంచి కదలొచ్చు కూడా. నేను ఈ వారం వెళ్తున్నా.

మ్యాచ్ అయ్యాక వాడు చెమటతో గీత దాకా వచ్చాడు. నా వల్లే ఓడామని గానీ, రెఫరీ అన్యాయం చేశాడని గానీ అనలేదు. ‘అబ్బా, మీరు ఎప్పుడొచ్చారు?’ అన్నాడు. మొదటి నుంచీ ఉన్నానని చెప్పాను.

ఈ ఒక్క మ్యాచ్‌కి అది నిజమే. సీజన్ మొత్తానికి కాదు. వచ్చే సీజన్‌కి, ఇన్షా అల్లాహ్, నిజం చేస్తా.

ఖుదా హాఫిజ్.