సెవోల్ ఓడ: విధేయతపై మోపిన నేరం

దక్షిణ కొరియాలో 2014లో మునిగిన సెవోల్ ఓడ ప్రస్తావన ఎక్కడ వచ్చినా మనవాళ్లు ఇద్దరు ముద్దాయిలను వెంటనే బోనెక్కిస్తారు. ఒకటి, ఓడ పాతది. జపాను వాడు వాడి వదిలేసిన సరుకు. రెండు, పిల్లలు అతివిధేయులు. "ఉన్నచోటనే ఉండండి" అంటే ఉండిపోయారు. మన పిల్లలైతే ఎప్పుడో దూకేసేవారు. ఈ రెండవ మాటను మొన్న ఒక పెళ్లి భోజనాల దగ్గర, బాగా చదువుకున్నవారి నోట, నవ్వుతూ అనగా విన్నాను. ముప్పయ్యేళ్లకు పైగా పిల్లలను కూర్చోమంటే కూర్చోబెట్టిన వాణ్ణి నేను. ఆపైన ముద్ద దిగలేదు. పంక్తిలో వాదు పెట్టుకోవడం మర్యాద కాదని అక్కడ ఊరుకున్నాను గాని, ఇక్కడ ఊరుకోదలచలేదు.

ముందు ఓడ సంగతి. 1994లో నాగసాకిలో తయారై, నామినోవే అనే పేరుతో కగోషిమా రేవు నుండి ఒకినావా దీవికి 2012 దాకా తిరిగింది. కార్లను, లారీలను కడుపులో నింపుకొని, పై అంతస్తులలో మనుషులను ఎక్కించుకునే రకం ఫెర్రీ అది. అన్నేళ్లూ తిరిగినప్పుడు లేని పాపం, సముద్రం మారగానే దానికి ఎలా చుట్టుకున్నది? కొరియా ప్రభుత్వం 2009లో ప్రయాణికుల ఓడల వయఃపరిమితిని ముప్పయ్యేళ్లకు సడలించింది. దానితో పదునెనిమిదేళ్ల ఓడ కూడా మంచి బేరమైంది. కొన్న కంపెనీ ఇంచియాన్ నుండి జెజు దీవికి నడపడానికి ముందు వెనుక భాగాన, పై అంతస్తులలో కొత్త గదులు కట్టించింది. వందమందికి పైగా అదనంగా పట్టేటట్లు చేసింది. ఓడ బరువు పెరిగింది, అదీ పైభాగాన పెరిగింది. బిందె మీద బిందె పెట్టుకొని నడిచే ఆడవారిని అడిగితే చెబుతారు, పైబరువు పెరిగితే నడక ఏమవుతుందో.

తనిఖీ సంస్థ ఊరకే సరేననలేదు, షరతు పెట్టింది. సరుకు 987 టన్నులకు మించరాదు. నిలకడ కోసం అడుగు తొట్లలో 1,703 టన్నుల నీరు ఉండితీరాలి. 2014 ఏప్రిల్ 15 రాత్రి, పొగమంచు వల్ల ఆలస్యమై బయలుదేరిన ఆ ఓడలో సరుకు రెండువేల టన్నులు దాటింది. నీరు ఉండవలసినదానిలో సగమైనా లేదు. ఇందులోని కిటుకు చూడండి. అధికభారం వేస్తే ఓడ పక్కన గీసిన హద్దుగీత నీట మునిగి దొంగతనం బయటపడుతుంది. అడుగు నీరు తోడేస్తే గీత పైకి తేలుతుంది. రేవులో చూసేవారికి అంతా సక్రమంగానే కనబడుతుంది. పైన బరువు పెంచి, క్రింద బరువు తీసేసి, సరుకును సరిగా కట్టకుండా వదిలేసిన ఓడ 16వ తేదీ ఉదయం 8 గంటల 49 నిమిషాలకు జిందో దీవి దగ్గర కుడికి గట్టిగా మళ్లింది, ఎడమకు ఒరిగింది, మళ్లీ లేవలేదు. ఆ మలుపుకు కారణం చుక్కానిని తిప్పే యంత్రమా, మరొకటా అని ఏళ్ల తరబడి వాదించుకున్నారు. మలుపు తిరిగిన ఓడ నిలదొక్కుకోలేకపోవడానికి కారణం మాత్రం లెక్కల పుస్తకంలోనే ఉన్నది. దానికి "పాత ఓడ" అని పేరు పెట్టడం అంటే దొంగను వదిలి తాళాన్ని తిట్టడమే.

ఇక పిల్లలు. ఓడలో 476 మంది. అందులో 325 మంది ఆన్సాన్ పట్టణంలోని దన్‌వన్ ఉన్నత పాఠశాల విద్యార్థులు. జెజుకు విహారయాత్ర. ఓడ ఒరిగిన మూడు నిమిషాలకే అత్యవసర సేవకు మొదటి ఫోను చేసినది ఎవరనుకున్నారు? కప్తాను కాదు, ఒక విద్యార్థి. విధేయత తెలివిని చంపుతుందనేవారు దీనికేమంటారు? చేయవలసింది ఆ బిడ్డ చేశాడు. అటుపైన మైకులో "కదలకండి, ఉన్నచోటనే ఉండండి" అని మాటిమాటికీ వినిపించింది. గదులలో ఉన్నవారు ఉన్నారు. కప్తానూ, ఓడ నడిపే ముఖ్య సిబ్బందీ మాత్రం తొలి రక్షకనౌక రాగానే ఎక్కి వెళ్లిపోయారు. 304 మంది మరణించారు. వారిలో 250 మంది విద్యార్థులు.

మా తర్కశాస్త్రం ప్రత్యక్షం, అనుమానం వంటివాటితో పాటు ఆప్తవాక్యాన్ని కూడా ప్రమాణంగా అంగీకరించింది. ఆప్తుడంటే చుట్టం కాదు. ఉన్నది ఉన్నట్లు చెప్పేవాడు. ఓడ లోపలి గదిలో కూర్చున్న పిల్లవాడికి సముద్రం కనబడదు, ఎంత ఒరిగిందో పూర్తిగా తెలియదు. తెలిసినవాడి మాటే వాడి కన్ను. ఆ మాటను నమ్మడం మూఢత్వమైతే రైలెక్కిన మనమందరం మూఢులమే, మాత్ర మింగిన రోగులందరూ మూఢులే. పిల్లలు ప్రమాణాన్ని నమ్మారు, ప్రమాణమే తప్పింది. ఆ ఉదయమే టీవీలలో విద్యార్థులంతా క్షేమమని వార్త వచ్చింది. తల్లిదండ్రులు నమ్మి ఊపిరి పీల్చుకున్నారు. వారూ అతివిధేయులేనా?

"మన పిల్లలైతే దూకేసేవారు" అనేవారికి ఒక సంగతి మనవి చేస్తాను. నేను ఒకసారి అరవైమంది పిల్లలను అంతర్వేదికి తీసుకుపోతూ నరసాపురం రేవులో పంటు ఎక్కించాను. నడుమ ఒక వ్యాను కాస్త జరిగింది. పంటు ఒక పక్కకు ఒరిగినట్లనిపించింది. పిల్లలు నీటిని చూడలేదు, నన్ను చూశారు. నేను "ఎవరూ కదలవద్దు" అన్నాను. అరవైమందిలో ఒక్కడు కదలలేదు. నేను సరంగు వంక చూశాను. అతడు బీడీ కాల్చుకుంటున్నాడు, కనుక ఏమీ కాలేదని గ్రహించాను. పంటులో ప్రాణరక్షక తొడుగులు ఎన్ని ఉన్నాయో, అసలు ఉన్నాయో లేవో ఎక్కేముందు నేను అడగలేదు. అడగకుండానే ఆజ్ఞ ఇచ్చాను. మన పిల్లలు దూకరు, అయ్యా. మనను చూస్తారు.

ఆ ఓడలో ఉపాధ్యాయులు కూడా ఉన్నారన్న సంగతి ఎవరూ ఎత్తరు. పద్నాలుగు మందిలో పదకొండు మంది ఓడతోనే పోయారు. బతికి ఒడ్డు చేరిన ఉపప్రధానోపాధ్యాయుడు, పిల్లలను పోగొట్టుకున్న బాధతో రెండు రోజులకే తన ప్రాణం తానే తీసుకున్నాడు. చనిపోయినవారిలో ఇద్దరు యువతులు ఒప్పందపు ఉద్యోగినులు. వారి గదులు ఐదవ అంతస్తులో, బయటపడటానికి అనువైన చోట ఉన్నాయి. వారు పిల్లలున్న నాలుగవ అంతస్తుకు దిగారు, మళ్లీ ఎక్కలేదు. తోటి శాశ్వత ఉపాధ్యాయులకు విధినిర్వహణలో మరణించినవారన్న గుర్తింపు వచ్చింది. ఈ ఇద్దరికీ ప్రభుత్వం ఇవ్వలేదు. కారణం, వారు ప్రభుత్వోద్యోగులు కారట! ఆ తల్లిదండ్రులు మూడేళ్లు తిరిగారు. 2017 మే 15న, ఆ దేశపు గురుపూజా దినం నాడు, కొత్త అధ్యక్షుడు మూన్ జే-ఇన్ ఆదేశిస్తే, ఆ జులైలో గుర్తింపు దక్కింది.

మా బడిలోనూ ఒప్పందం మీద పనిచేసే పంతులమ్మలుండేవారు. విహారయాత్ర అంటే మొదట వారి పేర్లే రాసేవాళ్లం, శాశ్వతోద్యోగులకు ఇంటి పనులుంటాయి గనుక. పంటు మీద ఆనాడు నా వెనుక, ఆడపిల్లల నడుమ నిలబడి ఉన్నది అటువంటి అమ్మాయే. నేను "కదలవద్దు" అన్నప్పుడు ఆమె కూడా కదలలేదు గాని, ఇద్దరు చిన్నపిల్లల చేతులు గట్టిగా పట్టుకోవడం చూశాను.