మా అమ్మ అచ్చుతప్పు కాదు

"గిన్ని తిప్పలెందుకు మేడం? అమ్మ పేరునే 'సంతమ్మ' అని మార్పిస్తే ఒడిసిపోతది కదా!"

నారాయణఖేడ్‌లో మేం ఎప్పుడూ వెళ్ళే ఇంటర్నెట్ సెంటర్లో ఒక కుర్రవాడు ఈ మాట అన్నాడు. మంచి మనసుతోనే అన్నాడు. మాకు డబ్బులు, బస్సు ఛార్జీలు, రోజులు మిగలాలనే అన్నాడు. అందుకే ఆ మాట నన్ను ఇన్నాళ్ళయినా వదలడం లేదు. దుర్మార్గుడు అంటే కోప్పడి మర్చిపోవచ్చు. మన మేలు కోరేవాళ్ళందరూ ఒకే సలహా ఇస్తుంటే అందులో ఏదో ఉందని అర్థం.

జరిగింది ఇదీ. మా చెల్లెలు షార్జాలో ఉంటుంది. కాన్పుకు అమ్మను పిలిపించుకోవాలనుకుంది. అమ్మకు పాస్‌పోర్టు లేదు, తీయించాలి. వీసాకి వాళ్ళిద్దరూ తల్లీకూతుళ్ళని కాగితం మీద చూపించాలి. చెల్లెలి పాస్‌పోర్టు చివరి పేజీలో తల్లి పేరు ఉంది. కానీ అది మా అమ్మ పేరు కాదు. అమ్మ శాంతమ్మ. అక్కడ అచ్చయింది సంతమ్మ. ఇంగ్లీషులో ఎస్ పక్కన ఒక్క హెచ్ పడలేదు. శాంత కాస్తా సంత అయిపోయింది.

ఇప్పుడు దారులు రెండు. చెల్లెలి పాస్‌పోర్టులో తప్పు దిద్దించడం ఒకటి. అమ్మ కాగితాలన్నిటినీ ఆ తప్పుకు తగ్గట్టు మార్చడం రెండోది. సెంటర్లో కుర్రవాడు, అఫిడవిట్లు టైపు చేసే ఆయన, మా మేనమామ, చివరికి చెల్లెలి భర్త కూడా రెండోదే సులువన్నారు. ఒక్కరికీ అది వింతగా అనిపించలేదు. అరవై ఏళ్ళకు దగ్గరపడుతున్న బతికున్న మనిషిని తీసుకెళ్ళి అచ్చుతప్పులో సర్దేయమంటున్నారు!

ముందు నా తప్పు ఒప్పుకోవాలి. 2015లో చెల్లెలి దరఖాస్తు నింపింది నేనే. అప్పుడు నేను తెలుగు స్త్రీల ఆత్మకథల మీద పరిశోధన చేస్తున్నాను. స్త్రీలు తమ పేరును తాము ఎక్కడ, ఎట్లా చెప్పుకున్నారన్నది నా సిద్ధాంత గ్రంథంలో ఒక అధ్యాయం. ఆ అధ్యాయం రాస్తున్న చేత్తోనే ఈ ఫారం నింపాను. నాన్న పేరు దగ్గరకొచ్చేసరికి చెల్లెలి పదో తరగతి మెమో ముందు పెట్టుకుని అక్షరం అక్షరం మూడుసార్లు సరిచూశాను. ఎందుకంటే తండ్రి పేరు తప్పయితే అంతా తప్పే అని చిన్నప్పటి నుంచీ వింటున్నాం. అమ్మ పేరు దగ్గర ఆమె ఓటరు కార్డు చూసి ఎక్కించేశాను. ఆ కార్డు మీద తెలుగులో శాంతమ్మ అనే ఉంది. దాని కింద ఇంగ్లీషులో హెచ్ లేదు. నేను చూసుకోలేదు. తల్లి పేరే కదా అనుకున్నాను. అనుకున్నానని నాకే తెలియకుండా అనుకున్నాను.

అమ్మ పెట్టె తీసి కాగితాలన్నీ మంచం మీద పరిచాక అసలు సంగతి బయటపడింది. ఓటరు కార్డులో శాంతమ్మ. ఆధార్‌లో శాంతవ్వ. ఆధార్ వేళ్ళ ముద్రలు తీసిన రోజుల్లో అమ్మ పుట్టింట్లో, ఔరాద్ వైపు ఉంది. అక్కడ ఆమెను అందరూ అట్లాగే పిలుస్తారు. తర్వాత చిరునామా మార్చారు గానీ పేరు జోలికి ఎవరూ పోలేదు. నాన్న పోయాక విరాసత్ చేయించిన రెండెకరాల పట్టా పాసుపుస్తకంలో శాంతాబాయి. మా నాయనమ్మ ఇంట్లో కోడళ్ళందరూ బాయిలే. పోయి ఏడేళ్ళయిన నాన్న పేరు మాత్రం ఈ కాగితాలన్నిటి మీదా ఒక్క తీరుగా ఉంది.

ఇవి తప్పులా? ఖేడ్ సంగతి తెలిసినవాళ్ళెవరూ అట్లా అనరు. మా ఊరి పేరులోనే మరాఠీ ఉంది. ఖేడ్ అంటే ఊరనే అర్థం. 1956 దాకా ఈ తాలూకా బీదర్ జిల్లాలో ఉండేది. రాష్ట్రాల పునర్విభజన చట్టంతో మెదక్‌లోకి వచ్చింది. 2016లో సంగారెడ్డి జిల్లా అయింది. గీత ఎటు జరిగినా పిల్లనివ్వడాలు, తెచ్చుకోవడాలు ఆగలేదు. కన్నడంలో అవ్వ, మరాఠీలో బాయి, తెలుగులో అమ్మ. ఒక ఆడపిల్ల పుట్టింటి నుంచి అత్తింటికి, అత్తింటి నుంచి ఆఫీసుకు నడిస్తే పేరు తోక మూడుసార్లు మారుతుంది. తండాల్లో ఇంట్లో బాయి అయిన పిల్ల బడి రిజిస్టరులో అమ్మ అవుతుంది. ముస్లిం స్త్రీలకు ఒక కార్డు మీద బీ ఉంటే ఇంకో కార్డు మీద బేగం ఉంటుంది. ఇవి ఆ మనుషులు నడిచిన దారులు. ఆఫీసు భాషలో మాత్రం వీటన్నిటికీ ఒకటే పేరు, 'మిస్‌మ్యాచ్'.

మా ఊరి పేరునే ఇంగ్లీషులో రెండు రకాలుగా రాస్తారు. ఒక బోర్డు మీద మధ్యలో ఒక ఏ ఎక్కువుంటుంది, ఇంకో బోర్డు మీద ఉండదు. ఎవరూ ఊరిని అఫిడవిట్ తెమ్మనరు. ప్రభుత్వం ఒక్క రోజులో జిల్లా పేరు మార్చుకుంటే ఎవరూ రుజువులు అడగరు. శాంతమ్మకు హెచ్ కావాలంటే మాత్రం లోకం తలకిందులవుతుంది.

పాస్‌పోర్టు ఫారంలో ఒక ప్రశ్న ఉంటుంది, మీకు వేరే పేర్లేమైనా ఉన్నాయా అని. "లేవని పెట్టుండ్రి మేడం, ఉన్నయంటే ఎంక్వయిరీలో అనుమానపడతరు" అన్నాడు కుర్రవాడు. మా దగ్గర కోర్టు కాగితాల్లో దీన్ని ఉరఫ్ అంటారు. శాంతవ్వ ఉరఫ్ శాంతాబాయి ఉరఫ్ శాంతమ్మ. ఇన్ని ఉరఫ్‌లు పోలీసు రికార్డుల్లో దొంగలకుంటాయి, లేకపోతే మన ఆడవాళ్ళకుంటాయి. దొంగ తన మారుపేరు తానే పెట్టుకుంటాడు. అమ్మకు ఆ వీలు కూడా లేదు. ప్రతి పేరూ ఎవరో ఒకరు రాసిందే, రాసిన ఏ ఒక్కరూ ఆమెను అడిగి రాయలేదు. దిద్దించుకోవాలంటే మళ్ళీ వాళ్ళు రాసిన కాగితాన్నే రుజువుగా తెమ్మంటారు.

మేం తిరిగిన ఒక కౌంటర్ దగ్గర అమ్మ నోరు తెరిచి "నా పేరు శాంతమ్మ సార్" అంది. "మీరు మాట్లాడకండమ్మా, కార్డు చూపించండి" అన్నారు. పది వేళ్ళ ముద్రలూ తీసుకున్నారు, రెండు కళ్ళూ ఫోటో తీశారు. ఈమె ఈమేనని యంత్రం ఒప్పుకుంటుంది. ఈమె ఎవరో చెప్పే హక్కు మాత్రం ఈమెకు లేదు.

ఇది కొత్త కథ కాదు. 1951-52 మొదటి సాధారణ ఎన్నికల జాబితాలు తయారుచేసినప్పుడు, ముఖ్యంగా ఉత్తరాది రాష్ట్రాల్లో, ఎంతోమంది స్త్రీలు తమ పేరు చెప్పకుండా ఫలానావారి భార్యను, ఫలానావారి తల్లిని అనే నమోదు చేయించుకున్నారు. సొంత పేరు లేకపోతే ఓటు ఇవ్వమని ఎన్నికల కమిషనర్ సుకుమార్ సేన్ పట్టుబట్టారు. దాదాపు 28 లక్షల మంది స్త్రీల పేర్లు జాబితా నుంచి పోయాయి. నిజానికి పోయింది పేర్లు కాదు, అక్కడ పేర్లే లేవు. ఆడదానికి సొంత పేరుండాలని ఈ రాజ్యం ఆనాడు అంత గట్టిగా నిలబడింది. మంచిదే. మరి డెబ్బై ఏళ్ళు దాటాక ఒకామె ముందుకొచ్చి ఇదిగో నా సొంత పేరు అంటే, నువ్వు చెప్తే చెల్లదంటోంది. పి. సత్యవతి గారి 'ఇల్లలకగానే' కథలో ఇల్లాలు తన పేరు మర్చిపోయి వెతుక్కుంటూ వెళ్తుంది. ఆ కథ చదివి మనమంతా మన పేర్లు తడుముకున్నాం. మా అమ్మ తన పేరు ఏనాడూ మర్చిపోలేదు. ఆమె పేరును ఎక్కడికక్కడ మార్చి రాసుకున్నది ఆఫీసులు.

దొంగ పాస్‌పోర్టులుంటాయి, మనుషుల్ని అమ్మేవాళ్ళుంటారు, తనిఖీ వద్దా అని అడుగుతారు. కావాలి. ఊళ్ళోకి రండి, పక్కింటివాళ్ళను అడగండి, వేళ్ళ ముద్రలు చూడండి. అదంతా మనిషిని తనిఖీ చేయడం. హెచ్‌ని తనిఖీ చేస్తే ఏ దొంగా దొరకడు. దొంగ కాగితాలు ఎప్పుడూ ఒకదానితో ఒకటి చక్కగా సరిపోతాయి, అతను వాటిని సరిపోయేట్టు చేయించుకుంటాడు కాబట్టి. మగవాళ్ళ పేర్లూ తప్పు పడతాయి కదా అని ఇంకో మాట. పడతాయి. కానీ మగవాడికి వెనక్కి వెళ్ళి చూపించడానికి బడి రిజిస్టరు, భూమి కాగితం, ఉద్యోగం ఫైలు ఉంటాయి. అమ్మ తరం ఆడవాళ్ళ కాగితాలు ఎవరో ఒకరి భార్యగానే మొదలవుతాయి. అస్సాంలో 2019 ఆగస్టు 31న వచ్చిన పౌర జాబితాలో 19 లక్షల మందికి పైగా చోటు దొరకలేదు. ఆ లెక్కలు తీసిన ఏళ్ళలో, పెళ్ళై వేరే ఊళ్ళకు పోయిన స్త్రీలు తమ తండ్రికి తాము కూతుళ్ళమేనని చూపించడానికి పంచాయతీ సర్టిఫికెట్లు పట్టుకుని తిరిగారు. స్పెల్లింగు చిన్న విషయం అనేవాళ్ళు వాళ్ళను అడగాలి.

చట్టం కదలలేదని కాదు. తండ్రి పేరు లేకుండా కూతురికి పాస్‌పోర్టు ఇవ్వాలని ఒక తల్లి పోరాడితే 2016 మేలో ఢిల్లీ హైకోర్టు ఆమె పక్షాన నిలిచింది. అదే ఏడాది డిసెంబరులో విదేశాంగ శాఖ నిబంధనలు సడలించింది. తల్లిదండ్రుల్లో ఒకరి పేరు చాలు, పెళ్ళి సర్టిఫికెట్ అక్కర్లేదు, విడాకులు తీసుకున్న స్త్రీ మాజీ భర్త పేరు రాయనక్కర్లేదు అంది. జతపరిచే ప్రకటనలు తెల్లకాగితం మీద సొంతంగా రాసిస్తే చాలు, నోటరీ వద్దంది. మన తెలుగు నేల నుంచే వెళ్ళిన ఆకెళ్ళ లలిత కేసులో, భర్త చనిపోయాక బిడ్డ ఇంటిపేరు నిర్ణయించే హక్కు తల్లికి ఉందని 2022 జూలైలో సుప్రీంకోర్టు చెప్పింది. రికార్డుల్లో రెండో భర్తను సవతి తండ్రి అని రాయమన్న కింది కోర్టు మాటను క్రూరమని తప్పుపట్టింది.

ఇవన్నీ ఒక్కొక్క స్త్రీ కోర్టు మెట్లెక్కి గెలుచుకున్నవి. వాటి వెలుగు మా ఖేడ్ కౌంటర్ దాకా రాలేదు. తెల్లకాగితం చాలని నిబంధన చెప్తుంటే మమ్మల్ని ఇప్పటికీ స్టాంపు కాగితం తెమ్మన్నారు. ఆధార్‌లో పేరు మామూలుగా జీవితంలో రెండుసార్లే మార్చుకోనిస్తారు. పెళ్ళికి ఒకసారి, అచ్చుతప్పుకు ఒకసారి అనుకుంటే ఆడదానికి అక్కడితో కోటా అయిపోయినట్టే.

అప్పుడు నాకు తట్టింది, ఇంతమందిని అడిగాం గానీ అమ్మను ఎవరూ అడగలేదని. నేను కూడా. ఆ రాత్రి అడిగాను, "నీకు ఏ పేరు కావాలె?" అని.

అమ్మ చాలాసేపు ఏమీ అనలేదు. తర్వాత, "మా అవ్వ పెట్టింది శాంత, బిడ్డా. అవ్వ, బాయి, అమ్మ అన్నీ మీరు తగిలించినయే. శాంత అని రాయి" అంది.

నేను నవ్వలేకపోయాను. ఆ ఒక్క పేరూ ఏ కార్డులోనూ లేదు. పైగా ఒంటిపేరు పాస్‌పోర్టుతో విజిట్ వీసా మీద రానివ్వమని యూఏఈ 2022 నవంబరులో ఒక నిబంధన తెచ్చింది, ఇంటిపేరు గడి ఖాళీగా ఉంచడానికి అందరం భయపడ్డాం. ఏ ఇంటి పేరు? అమ్మ తన తండ్రి ఇంటిపేరు చెప్పింది. కాగితాలు నాన్న ఇంటిపేరు చెప్పాయి. కాగితాలే గెలిచాయి. శాంతమ్మ అన్న చోట అందరం రాజీపడ్డాం. ఆధార్ మార్చాం, రెండు అవకాశాల్లో ఒకటి ఖర్చయింది. చెల్లెలు అక్కడ సెలవు పెట్టి కాన్సులేటు చుట్టూ తిరిగి తన పాస్‌పోర్టులో హెచ్ తెచ్చుకుంది. అప్పటికి కాన్పు అయిపోయింది. మనవరాలిని అమ్మ ఫోన్‌లో చూసింది. బిడ్డను ఎత్తుకోవడానికి అమ్మ వెళ్ళేసరికి ఆ పిల్ల బోర్లా పడుతోంది. ఒక అక్షరం ఖరీదు అది.

అమ్మ పాస్‌పోర్టు వచ్చిన రోజు ఫోటో కింద సంతకం చూశాను. తొంభైల్లో మా వాడకు వచ్చిన రాత్రిబడిలో నేర్చుకున్న వంకర అక్షరాలు. శాంత అని ఉంది. ఆ బుక్కు మొత్తంలో ఆమె చేత్తో రాసింది అదొక్కటే. పైన అచ్చయిన పేరుతో సరిపోలేదని ఎవరైనా అంటారేమోనని నాకు భయం వేసింది. ఆ భయం వేసినందుకు నా మీద నాకే కోపం వచ్చింది.

నేనడుగుతున్నవి పెద్ద కోరికలు కావు. పేరు రాసే ముందు ఆ మనిషిని, ఆమె భాషలో అడగండి. రాసింది ఆమెకు చదివి వినిపించండి. అవ్వ, బాయి, అమ్మ, బీ, బేగం ఒకే మనిషివని ఒప్పుకోండి. తప్పు రాసింది ఆఫీసయితే దిద్దే ఖర్చు ఆఫీసే పెట్టుకోవాలి. తెల్లకాగితం మీద ఆమె రాసిచ్చింది చాలని మీ నిబంధనే చెప్పింది కాబట్టి ఆ కాగితాన్ని అన్నిటికన్నా కింద కాదు, అన్నిటికన్నా పైన పెట్టండి.

మనకూ ఒక పని ఉంది. ఈ రాత్రి మీ అమ్మ కాగితాలు బయటికి తీయండి. ఎన్ని పేర్లున్నాయో లెక్కపెట్టండి. తర్వాత ఆమెనే అడగండి.