ఇరుగు కన్ను, పొరుగు చెవి

ఇబ్బంది పెట్టే పొరుగువాళ్లంటే ఎవరు? ఎవరిని అడిగినా దాదాపు ఒకే జాబితా చెబుతారు. చెత్త సంచీ మన గుమ్మం ముందు పెట్టేవాళ్లు, బండి అడ్డంగా పార్క్ చేసేవాళ్లు, అర్ధరాత్రి దాకా టీవీ మోగించేవాళ్లు. చివర్న గొంతు తగ్గించి ఇంకో పేరు కలుపుతారు: "ఆ మూడో అంతస్తులో ఒక్కత్తే ఉంటుందే, ఆవిడ." ఆవిడ ఎవరి గుమ్మం ముందూ చెత్త వెయ్యలేదు. ఎవరి నిద్రా చెడగొట్టలేదు. ఆమె చేసిన నేరమల్లా ఒక్కత్తే ఉండటం. ఆ జాబితాలో ఎప్పుడూ కనిపించనివాడు ఒకడున్నాడు. రాత్రిళ్లు పెళ్లాన్ని కొట్టేవాడు. మెయింటెనెన్స్ టైముకి కడతాడు, వినాయక చవితికి దండిగా చందా ఇస్తాడు. కాబట్టి అతను మంచి పొరుగువాడు.

ఈ జాబితాని ఎవరు రాశారు? ఎవరి కోసం రాశారు?

ఒంటరి స్త్రీ ఇల్లు అద్దెకు అడగటమంటే ఇంటర్వ్యూకి వెళ్లటమే. "మీవారేం చేస్తారు?"తో మొదలవుతుంది. వారెవరూ లేరంటే "పోనీ మీ నాన్నగారో అన్నయ్యో వచ్చి మాట్లాడతారా?" అంటారు. నలభై దాటి, కాలేజీలో పాఠాలు చెప్పే మనిషయినా సరే, పూచీకి ఒక మగవాడు కావాలి. ఆ తర్వాత "మీరేమిట్లు?" అది నోరు తెరిచి అడగలేనివాళ్లు ఇంటిపేరు అడుగుతారు, నాన్‌వెజ్ వండుతారా అని అడుగుతారు. దళిత స్త్రీకి, ముస్లిం స్త్రీకి ఇన్ని ప్రశ్నలు కూడా ఉండవు. పేరు చెప్పగానే "ఇప్పుడే ఎవరికో మాటిచ్చేశామండీ" అంటారు. టులెట్ బోర్డు మాత్రం మర్నాడు కూడా వేలాడుతూనే ఉంటుంది. పై కులపు ఒంటరి స్త్రీకి షరతుల మీద దొరికే ఇల్లు వీళ్లకి ఏ షరతు మీదా దొరకదు.

ఇల్లు దొరికాక కాపలా మొదలవుతుంది. నేను హైదరాబాదులో అద్దెకున్న ఒక అపార్ట్‌మెంట్‌లో నా దగ్గరికి ఎవరొచ్చినా వాచ్‌మన్ రిజిస్టర్లో పేరు, వచ్చిన టైము, వెళ్లిన టైము రాయించేవాడు. మిగతా ఫ్లాట్లకి ఆ రిజిస్టర్ లేదు. సెమినార్ నుంచి ఆలస్యంగా వస్తే ఎదురింటి తలుపు వారగా తెరుచుకునేది. పొద్దున్నే "రాత్రి బాగా లేటయినట్టుందే మేడమ్" అన్న పలకరింపు. "మీ మంచికే చెబుతున్నాం, ఫ్యామిలీలు ఉండే చోటు" అనేవారు. ఆ ఫ్యామిలీల్లోనే, సరిగ్గా నా పై ఫ్లాట్‌లో, ఒకామె తరచూ దెబ్బలు తినేది. గోడకి తల తగిలిన చప్పుడు, ఆమె కేక, పిల్లాడి ఏడుపు బిల్డింగంతా వినబడేవి. నా ఇంటికి ఎవరు ఏ టైముకి వచ్చారో నిమిషాలతో సహా చెప్పగలిగిన మనుషులకి ఇవేవీ వినబడలేదు.

ఒక రాత్రి వెళ్లి బెల్ కొట్టాను. ఆమె తలుపు కొంచెం తీసి "ఏం లేదండీ" అంది. "నేను కిందే ఉంటాను, ఏ టైమైనా రండి" అని చెప్పి వచ్చాను. ఆ రాత్రికి చప్పుడు ఆగింది. మూడో రోజున అసోసియేషన్ నుంచి కబురొచ్చింది, నాకు. కాపురాల్లో చిచ్చు పెడుతున్నానట. నెలాఖరుకల్లా ఖాళీ చెయ్యమన్నారు. కొట్టినవాణ్ణి ఎవరూ ఏమీ అడగలేదు.

ఇది నా ఒక్కదాని గోడు కాదు. ఇది చదువుతున్న వాళ్లలో చాలామంది తమ అద్దె ఇళ్ల కథలు ఇక్కడ కలుపుకోగలరు. మనం సాధారణంగా ఈ రెంటినీ విడివిడిగా చూసి బాధపడతాం. ఒకచోట అతిజోక్యం, ఇంకోచోట నిర్లక్ష్యం అంటాం. కానీ రెండూ ఒకే పని. కుటుంబ వ్యవస్థకి ఇరుగుపొరుగు జీతం లేని కాపలాదారు. కుటుంబం బయట ఉన్న స్త్రీ మీద కన్ను వేసి ఉంచటం, కుటుంబం లోపల దెబ్బలు తినే స్త్రీ విషయంలో చెవి మూసుకోవటం, రెండూ ఆ కాపలాలో భాగాలే.

ఈ కాపలాకి కావలసిన సామెతలు మన భాషలో సిద్ధంగా ఉన్నాయి. ఆలుమగల కలహం అద్దం మీద పెసరగింజ ఉన్నంతసేపట. ఏ పెసరగింజా ఎముక విరగ్గొట్టదు. ఇంటిగుట్టు లంకకు చేటట. అత్తారింటికి వెళ్లే అమ్మాయికి చీరెసారెతో పాటు ఈ మాటా మూటగట్టి ఇస్తారు. ఆ సామెతనే ఒకసారి సరిగ్గా చదువుదాం. గుట్టు చెప్పింది విభీషణుడు, సరే. ఆ లంకలో ఎత్తుకొచ్చిన స్త్రీ ఒకతె బందీగా ఉంది. గుట్టు దాగి ఉంటే ఆమె అశోకవనంలోనే ఉండిపోయేది. స్త్రీని చెరబట్టిన ఇంటికి చేటు వస్తే మనకెందుకు దుఃఖం? చెర వదిలి వచ్చిన అదే సీతని తర్వాత అడవికి పంపింది మటుకు "లోకం ఏమనుకుంటుందో" అన్న భయం. లోకమంటే ఎవరు? ఇరుగూ పొరుగే కదా!

2019-21 జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వే ప్రకారం శారీరక, లైంగిక హింసకు గురైన స్త్రీలలో సహాయం కోరినవాళ్లు 14 శాతమే. 77 శాతం మంది సహాయమూ అడగలేదు, ఎవరికీ చెప్పుకోనూ లేదు. అదే సర్వేలో ఆంధ్రప్రదేశ్‌లోనూ తెలంగాణలోనూ 80 శాతానికి పైగా స్త్రీలు, ఏదో ఒక కారణానికి భర్త భార్యను కొట్టటం సబబేనన్నారు. ఈ పాఠం వాళ్లకి చెప్పినవాళ్లలో పక్కింటివాళ్లు లేరా? దెబ్బలు పడుతున్నప్పుడు మూసుకున్న ప్రతి కిటికీ కొట్టేవాడి పక్షాన ఇచ్చిన తీర్పే.

"మనకేం అధికారం ఉంది?" అనటానికి వీల్లేదు. 2005 గృహహింస చట్టం 2006 అక్టోబరు 26 నుంచి అమల్లో ఉంది. హింస జరిగిందని గానీ, జరుగుతోందని గానీ, జరగబోతోందని గానీ నమ్మటానికి కారణం ఉన్న ఎవరైనా రక్షణాధికారికి తెలియజేయవచ్చని దాని 4వ సెక్షన్ చెబుతోంది. సదుద్దేశంతో చెప్పిన మనిషికి సివిల్‌గా గానీ క్రిమినల్‌గా గానీ ఏ బాధ్యతా ఉండదు. చెప్పటానికి 181, 112 నంబర్లున్నాయి. 2008లో బ్రేక్‌త్రూ సంస్థ మొదలుపెట్టిన 'బెల్ బజావో' ప్రచారం ఇంకా తేలిక దారి చూపించింది. బెల్ కొట్టండి, ఏదో చిన్న వస్తువు అడగండి. ఎవరో వింటున్నారని తెలిస్తే ఎత్తిన చెయ్యి ఒక్కోసారి దిగుతుంది.

"రేపు వాళ్లిద్దరూ ఒకటవుతారు, చెడ్డవాళ్లం మనమవుతాం" అంటారు. అవుదాం. ఆమె అతని దగ్గరే ఉంటుంది, మన మీదే విసుక్కుంటుంది కూడా. వెళ్లటానికి ఇంకో ఇల్లు లేనప్పుడు ఎవరైనా చేసేది అదే. ఇంకో ఇల్లు ఎందుకు లేదు? ఒంటరి ఆడదానికి ఇల్లివ్వమని టులెట్ బోర్డు దగ్గర తేల్చేసింది మనమే. మూడో అంతస్తులో నన్ను వెళ్లగొట్టిన రోజున, నాలుగో అంతస్తులో ఆమెకి ఉన్న దారి కూడా మూసేశారు. మొగుణ్ణి వదిలి బయటికొస్తే ఏమవుతుందో ఆమెకి నన్ను చూపించి చెప్పారు.

"మా ఇళ్లలోకి తొంగి చూడొద్దంటారు, మళ్లీ మీరే తలుపులు కొట్టమంటారు" అన్నది ఇంకో వాదన. ఆమె గురించి వాకబు చెయ్యటం వేరు, ఆమెను అడగటం వేరు. మొదటిది ఆమెను ఇంకొకరికి అప్పజెప్పటానికి. రెండోది ఆమె ఏం కోరుకుంటోందో తెలుసుకుని, ఆమె పక్కన నిలబడటానికి.

తలుపు సందులోంచి చూసే కళ్లు చాలాసార్లు ఆడవాళ్లవే. ఆ సంగతి దాటెయ్యను. సొంత ఇంట్లో ఏ విషయంలోనూ మాట చెల్లని మనిషికి, ఇంకో ఆడదాని నడవడి మీద తీర్పు చెప్పే అధికారం మాత్రం పితృస్వామ్యం ధారాళంగా ఇచ్చింది. ఎందుకు తీసుకున్నారో అర్థం చేసుకోగలను. ఒప్పుకోలేను. ఎందుకంటే ఇరుగమ్మా పొరుగమ్మా ఇంకేం చెయ్యగలరో మన నేల మీదే చూశాం. 1992లో నెల్లూరు జిల్లా దూబగుంటలో రోశమ్మా ఆమె తోటివాళ్లూ, తాగొచ్చి తన్నే మొగుడు ఎవరింటి సమస్య వాళ్లదని ఊరుకుంటే సారా దుకాణాలు మూతపడేవా? ఇంటిగుట్టు వీధిలోకి తెచ్చారు కాబట్టే 1993 అక్టోబరు 1 నుంచి రాష్ట్రంలో సారా నిషేధం వచ్చింది. ఆ తర్వాత ప్రభుత్వాలు మద్యంతో చేసిన వ్యాపారం మనకి తెలుసు. అది ఆ ఆడవాళ్ల ఓటమి కాదు.

కాబట్టి మనం ఉన్న ప్రతి అపార్ట్‌మెంట్‌లో, ప్రతి వీధిలో ఈ జాబితాని తిరగరాద్దాం. ఒంటరి స్త్రీల ఇళ్లకి పెట్టిన రిజిస్టర్లు తీసెయ్యమని అడుగుదాం. మెయింటెనెన్స్ బాకీల పక్కనే నోటీసు బోర్డు మీద 181 రాయిద్దాం. మనకి సొంత ఇళ్లుంటే, ఇంటిపేరూ మొగుడి పేరూ అడక్కుండా అద్దెకిద్దాం. దెబ్బల చప్పుడు వినబడితే వెళ్లి బెల్ కొడదాం. కాపురాల్లో చిచ్చు పెడుతున్నారంటారు, అననిద్దాం. కొట్టేవాడికి ఇబ్బందిగా ఉండే పొరుగువాళ్లం అవుదాం.