వాయిదా ఇద్దరిది, దస్తావేజు ఒక్కరిది

ఇల్లు కట్టి చూడు, పెళ్లి చేసి చూడు అన్నారు. ఈ సామెత ఎవరితో మాట్లాడుతోందో ఎప్పుడైనా ఆలోచించామా? ఇల్లు కట్టేవాడు మగవాడు. పెళ్లి చేసేవాడు కూతురి తండ్రి. ఆడది ఇందులో ఒక ఖర్చు పద్దు. ఇల్లు పూర్తయ్యాక ఆమె కోసం ఇంకో సామెత సిద్ధంగా ఉంటుంది, ఇంటికి దీపం ఇల్లాలు అని. ఆ దీపంలో చమురు ఎవరు పోస్తున్నారో మాత్రం ఏ సామెతా చెప్పదు.

ఇప్పుడు కాలం మారిందంటారు. ఇల్లాలు కూడా బ్యాంకుకు వెళ్తోంది, మేనేజరు ఎదుట కుర్చీలో కూర్చుంటోంది, ప్రతి కాగితం కిందా సంతకం పెడుతోంది. మార్చి 8 వచ్చిందంటే గృహరుణాల ప్రకటనల్లో తాళంచెవి పట్టుకుని నవ్వుతున్న స్త్రీ బొమ్మ కనిపిస్తుంది. స్త్రీలకు వడ్డీలో 0.05 శాతం రాయితీ అంటాయి కొన్ని బ్యాంకులు. యాభై లక్షల అప్పు మీద అది నెలకు నూట అరవై రూపాయలు కూడా కాదు. దీన్ని సాధికారత అని వాళ్లు పిలుస్తున్నారు, మనం పిలవనిస్తున్నాం. నా పేచీ ఇక్కడే.

ముందు లెక్క చూద్దాం. ఇంటి గురించి మనం కథలు రాశాం, కవిత్వం రాశాం, వంటింటి మీద కత్తి దూశాం. ఇంటి అప్పు పట్టికను మాత్రం ‘ఆయన చూసుకుంటారు’ అని వదిలేశాం. పితృస్వామ్యం వంటింట్లో ఎంత ఉందో ఆ పట్టికలోనూ అంతే ఉంది.

50 లక్షల అప్పు, 8.5 శాతం వడ్డీ, 20 ఏళ్ల గడువు అనుకుందాం. నెల వాయిదా 43,391 రూపాయలు. 240 వాయిదాలకు మొత్తం కోటీ 4 లక్షలు దాటుతుంది. తెచ్చింది యాభై, కట్టేది నూటనాలుగు. మొదటి నెల వాయిదాలో 35,417 రూపాయలు వడ్డీకే పోతాయి, అసలులో తగ్గేది 7,974 రూపాయలు. పదేళ్లు ఒక్క నెల కూడా తప్పకుండా కడితే 52 లక్షలు కట్టినట్టు. అంటే తెచ్చినదానికంటే ఎక్కువే కట్టేశాం. అప్పటికీ బాకీ ఇంకా దాదాపు 35 లక్షలు ఉంటుంది. వాయిదాలో వడ్డీ కంటే అసలు ఎక్కువయ్యేది పన్నెండో ఏడు చివర్లో. అద్దె కట్టడం దండగ అని మనకు నూరిపోసినవాళ్లు, ఆ పన్నెండేళ్లూ మనం డబ్బుకు అద్దె కడుతున్నామని చెప్పరు.

వాయిదా బరువుగా ఉందంటే గడువు పెంచుకోమంటారు. అదే అప్పును ముప్ఫై ఏళ్లకు మారిస్తే నెలకు సుమారు 4,950 రూపాయలు తగ్గుతుంది. మొత్తం మీద కట్టేది మాత్రం కోటీ 38 లక్షలవుతుంది. ఆ కాస్త ఊపిరికి ధర మరో 34 లక్షలు.

పైగా ఇవన్నీ వడ్డీ మారదనుకుని వేసిన లెక్కలు. 2022 మే నుంచి 2023 ఫిబ్రవరి లోపు రిజర్వు బ్యాంకు రెపో రేటును 4 నుంచి 6.5 శాతానికి పెంచింది. 7 శాతానికి 50 లక్షలు తీసుకున్న కుటుంబం వాయిదా 38,765. ఏడాది తిరిగేసరికి వడ్డీ 9.5 అయిందనుకోండి. మిగిలిన అప్పు మీద ఆ నెల వడ్డీయే 38,640 దాటుతుంది. అసలుకు చేరేది నూట ఇరవై చిల్లర. వాయిదా మార్చకుండా గడువు సాగదీస్తే ఆ అప్పు తీరడానికి అరవై ఏళ్లు పడుతుంది! వాయిదా మారలేదు కదా అని ఇంట్లో అందరూ నిశ్చింతగా ఉంటారు. 2023 ఆగస్టులో రిజర్వు బ్యాంకే కలగజేసుకుని, వడ్డీ పెరిగినప్పుడు వాయిదా పెంచుకోవాలా, గడువు పెంచుకోవాలా, రెండూ కొంత కొంత చేయాలా అన్నది అప్పు తీసుకున్నవాళ్లను అడగాలని ఆదేశించవలసి వచ్చింది. ఆ అడగడం ఎవరి ఫోనుకు వస్తుంది? జవాబు ఎవరిస్తారు?

ఇక్కడిదాకా ఇది ఆడా మగా ఇద్దరి కష్టం. ఇక్కడి నుంచి కాదు.

అప్పు ఇచ్చేటప్పుడు బ్యాంకు సాధారణంగా ఒక నియమం పాటిస్తుంది. ఇంటి యజమానులు ఎంతమంది ఉంటే అంతమందీ అప్పులో భాగస్తులు కావాలి. అప్పులో భాగస్తులైనవాళ్లంతా యజమానులు కావాలా? అక్కర్లేదు. ఒక్క వాక్యాన్ని తిరగేస్తే ఎంత తేడా వచ్చిందో చూడండి. ఒక వైపు బ్యాంకుకు రక్షణ. రెండో వైపు ఎవరికీ రక్షణ లేదు. భార్య జీతం కలిపితే అప్పు ఎక్కువ వస్తుంది కనుక ఆమెను కో-అప్లికెంటును చేస్తారు. సేల్ డీడ్ రాయించేటప్పుడు మాత్రం ‘ఇద్దరి పేర్లూ ఎందుకులే, రేపు అమ్మాలంటే ఇబ్బంది’ అంటారు. ఆమె సంతకం అప్పుకు పనికొస్తుంది, ఇంటికి అడ్డమొస్తుంది!

ఆదాయపు పన్ను శాఖకు ఈ తేడా బాగా తెలుసు. పాత పన్ను విధానంలో సొంతానికి వాడుకునే ఇంటి అప్పు వడ్డీ మీద ఏడాదికి 2 లక్షల దాకా మినహాయింపు ఉంది. అది కావాలంటే అప్పు కడితే చాలదు, ఇంటికి యజమానుల్లో ఒకరై ఉండాలి. దస్తావేజులో పేరు లేని భార్య ఎంత కట్టినా ఆ మినహాయింపు అడగలేదు. నువ్వు కడుతున్నది నీ ఇంటికి కాదమ్మా అని ప్రభుత్వం ఏటా గుర్తు చేస్తూనే ఉంది.

ఇంకా సూక్ష్మమైన దోపిడీ ఒకటుంది. చాలా ఇళ్లలో వాయిదా ఆయన ఖాతా నుంచి పోతుంది. బియ్యం, పాలు, పిల్లల ఫీజులు, కరెంటు బిల్లు, అత్తగారి మందులు ఆమె జీతంలోంచి పోతాయి. పంపకం సమానంగానే కనిపిస్తుంది. ఇరవై ఏళ్ల తర్వాత చూస్తే ఆయన జీతం గోడలయింది, ఆమె జీతం వండి తినేశాం. ఆయన కట్టినదానికి ప్రతి నెలా బ్యాంకు సాక్ష్యం ఉంది. ఆమె పెట్టినదానికి కిరాణా చీటీ కూడా మిగలలేదు. ఉద్యోగం లేని స్త్రీ సంగతి చెప్పనే అక్కర్లేదు. 2024 జాతీయ కాలవినియోగ సర్వే ప్రకారం జీతం లేని ఇంటిపనిలో పాల్గొనే స్త్రీలు రోజుకు 289 నిమిషాలు, పురుషులు 88 నిమిషాలు వెచ్చిస్తున్నారు. ఆయన నిశ్చింతగా సంపాదించి వాయిదా కట్టగలగడం వెనక ఉన్న ఆ నిమిషాలను ఏ పట్టికలో రాస్తారు?

అసలు అప్పు పుట్టకముందే ఆమె సొమ్ము పునాదిలో పడి ఉంటుంది. 30 నుంచి 75 లక్షల మధ్య అప్పులకు ఇంటి విలువలో 80 శాతానికి మించి బ్యాంకు ఇవ్వకూడదు. అంటే 50 లక్షల అప్పుతో అరవై రెండున్నర లక్షల ఇల్లు కొనాలంటే పన్నెండున్నర లక్షలు చేతిలో ఉండాలి. తెలంగాణలో రిజిస్ట్రేషను ఖర్చులు 7.5 శాతం, అవి మరో నాలుగున్నర లక్షల పైన. ఈ పదిహేడు లక్షలు ఎక్కడివి? బ్యాంకు లాకరులోని ఆమె నగలు. పసుపు కుంకుమల కింద పుట్టింటివాళ్లు ఇచ్చిన ఎకరం. ఆమె ప్రావిడెంటు ఫండు. స్త్రీధనం మీద ఆమెకు సంపూర్ణ హక్కు ఉందని 1956 నాటి హిందూ వారసత్వ చట్టం చెబుతోంది. ఆ బంగారం కరిగి ఇంకొకరి పేరున గోడగా మారిన రోజున ఆ హక్కు ఎక్కడికి పోయింది? కూతురికి ఆస్తిలో సమాన హక్కు కోసం మన రాష్ట్రం 1985లోనే చట్టం తెచ్చిందని గర్వంగా చెప్పుకుంటాం. తండ్రి దగ్గర గెలుచుకున్నది భర్త సేల్ డీడ్‌లో పోగొట్టుకుంటున్నాం.

‘భార్యాభర్తల మధ్య ఈ లెక్కలేమిటి, ప్రేమ ఉన్నచోట పేరెందుకు’ అని అడుగుతారు. నేనూ అదే అడుగుతున్నాను. ప్రేమ ఉన్నచోట ఆయన పేరు మాత్రం ఎందుకు? ‘ఇంటి ధర పెరుగుతుంది కదా, వడ్డీ ఎంతైతేనేం’ అంటారు ఇంకొందరు. పెరుగుతుంది, నిజమే. పెరిగిన ధర దస్తావేజులో పేరున్నవాళ్లకే పెరుగుతుంది. వడ్డీ మాత్రం ఇద్దరికీ పెరుగుతుంది.

ఆ ప్రేమ పరీక్షకు నిలబడే సమయాలు రెండు, విడిపోవడం, చనిపోవడం. విడాకులు తీసుకున్నంత మాత్రాన అప్పు పత్రం మీద ఆమె సంతకం చెరిగిపోదు. ఆయన వాయిదా ఎగ్గొడితే బ్యాంకు ఆమె వెంటా పడుతుంది, ఆమె రుణచరిత్రా పాడవుతుంది. 2005 గృహహింస చట్టం ఆమెకు ఆ ఇంట్లో నివసించే హక్కు ఇచ్చింది, వాటా ఇవ్వలేదు. గోవాలో దంపతుల ఆస్తి మామూలుగా ఇద్దరిదీ అవుతుంది, మనకు అలాంటి చట్టం లేదు. భర్త సంపాదనతో కొన్న ఆస్తిలో గృహిణి శ్రమకూ సగం వాటా ఉందని 2023లో మద్రాసు హైకోర్టు ఒక కేసులో చెప్పింది. సంతోషించాల్సిన తీర్పే. కానీ ప్రతి స్త్రీ హైకోర్టు దాకా వెళ్లి నిరూపించుకోవలసిన దాన్ని హక్కు అనగలమా?

ఇక చావు. వీలునామా రాయకుండా భర్త పోతే హిందూ చట్టం ప్రకారం భార్యా, పిల్లలూ, భర్త తల్లీ సమాన వారసులు. ఇద్దరు పిల్లలు, అత్తగారు ఉంటే ఆమెకు వచ్చేది నాలుగో వంతు. క్రైస్తవ స్త్రీకి పిల్లలుంటే మూడో వంతు, ముస్లిం స్త్రీకి ఎనిమిదో వంతు. అప్పులో మాత్రం ఆమె వంతు పూర్తిగా ఆమెదే! ఇల్లు ఆమె పేరునే ఉందనుకోండి, ఆమె పిల్లలు లేకుండా, వీలునామా లేకుండా పోతే? నారాయణీదేవి పెళ్లయిన మూడు నెలలకే భర్తను పోగొట్టుకుంది. అత్తింటివాళ్లు వెళ్లగొడితే పుట్టింట ఉండి చదువుకుంది, ఉద్యోగం చేసింది. ఆమె స్వార్జితం భర్త తరఫు వారసులకే చెందుతుందని 2009లో సుప్రీంకోర్టు తీర్పు ఇచ్చింది. సానుభూతి చట్టాన్ని మార్చలేదంది కోర్టు. అందుకే పేరు రాయించుకోవడంతోనే పని అయిపోదు, వీలునామా కూడా రాయాలి.

మరో ఖర్చు మన పాఠకులకు చెప్పక తప్పదు. రాసే స్త్రీకి సొంత గది కావాలని వర్జీనియా వుల్ఫ్ అన్నమాట మనందరికీ ఇష్టం. 1929లో వచ్చిన ఆ పుస్తకంలో కథ చెప్పే ఆమెకు ఏటా ఐదువందల పౌండ్లు వస్తాయి. ఆ డబ్బు బొంబాయిలో గుర్రం మీద నుంచి పడి చనిపోయిన మేనత్త రాసిచ్చింది, ఒక స్త్రీ నుంచి ఇంకో స్త్రీకి, వడ్డీ లేకుండా. మన గది 240 వాయిదాల మీద వస్తోంది. ఆ వాయిదాల కోసం పీహెచ్‌డీకి జీతం లేని సెలవు పెట్టలేకపోయినవాళ్లున్నారు. అవమానించే ఉద్యోగం మానలేకపోయినవాళ్లున్నారు. దెబ్బలు తింటూ ‘లోను అయిపోయాక చూద్దాం’ అనుకున్నవాళ్లున్నారు. ముప్ఫై ఐదో ఏట మొదలైన అప్పు యాభై ఐదో ఏట తీరుతుంది. ఆ మధ్య రాయకుండా మిగిలిపోయిన పుస్తకాలకు ఏ బ్యాంకూ వడ్డీ లెక్క కట్టదు.

అయితే ఇల్లు కొనొద్దా? కొనాలి. నెత్తిన కప్పులేని స్త్రీకి స్వేచ్ఛ గురించి ఉపన్యాసాలివ్వడం కంటే పాపం లేదు. కానీ ఒక విషయం మనల్ని సిగ్గుపడేలా చేయాలి. 2015లో మొదలైన పట్టణ ప్రధానమంత్రి ఆవాస్ యోజనలో పేద, అల్పాదాయ కుటుంబాల ఇంటిపై స్త్రీ యాజమాన్యమో, సహ యాజమాన్యమో ఉండాలన్నారు. 2020లో ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం పేదల ఇళ్లస్థలాల పట్టాలు స్త్రీల పేరున ఇచ్చింది. ఆ పట్టాలు పేరుకే మిగిలిన చోట్లున్నాయి, అది వేరే పోరాటం. కానీ పేరైనా ఉంది. మనింట్లో పనిచేసే ఆమె పేరు ఇంటి కాగితం మీద ఉండి, ఆమెకు హక్కుల గురించి చెప్పే ప్రొఫెసరమ్మ పేరు అప్పు కాగితం మీద మాత్రమే ఉంటే ఎవరు ఎవరికి పాఠం చెప్పాలి?

మనం అడగవలసినవి పెద్దగా లేవు. అప్పులో సంతకం పెట్టే ప్రతి స్త్రీ పేరూ వాటా శాతంతో సహా దస్తావేజులో ఉండాలని రిజర్వు బ్యాంకు నియమం చేయాలి. ఢిల్లీ, హర్యానాల్లో లాగా స్త్రీల పేరున జరిగే రిజిస్ట్రేషన్లకు స్టాంపు సుంకంలో తగ్గింపు తెలుగు రాష్ట్రాలూ ఇవ్వాలి. పెళ్లి తర్వాత కూడబెట్టిన ఆస్తి ఇద్దరిదీ అనే చట్టం కోసం ఉద్యమించాలి. అది వచ్చేదాకా మన పని మనం చేసుకోవాలి. అప్పు పట్టిక మొత్తం చదవాలి. వాయిదాలో కొంతైనా మన ఖాతా నుంచి కట్టాలి. మారే వడ్డీ మీద వ్యక్తులు తీసుకున్న గృహరుణాన్ని ముందే తీర్చేస్తే జరిమానా లేదు కనుక చేతికొచ్చిన బోనసును అసలుకు జమచేయాలి. నగ అమ్మితే ఆ రసీదు దాచుకోవాలి.

గృహప్రవేశం నాడు పాలు పొంగించడం మనకు బాగా వచ్చు. ఈసారి పాలు పొయ్యి మీద పెట్టే ముందు దస్తావేజు తెప్పించి, కొనుగోలుదారు అని ఉన్నచోట ఎవరి పేరుందో చూద్దాం.