అడంగల్లో పేరు వాడిది, చేలో చెమట మనది

"కాగితం ఏదీ?" సివిలు కోర్టు మెట్లెక్కిన మాలోణ్ణీ మాదిగోణ్ణీ మొట్టమొదట అడిగే మాట ఇదే. ఆ కాగితం ఎవరి అరుగు మీద పుట్టిందో మాత్రం ఎవరూ అడగరు.

మన తాతల కాలంలో అడంగల్ రాసింది కరణం. చేలోకి దిగి చూసి రాశాడా? మోతుబరి అరుగు మీద కూచుని, ఆయనిచ్చిన మజ్జిగ తాగి రాశాడు. అరక దున్నిందీ, కలుపు తీసిందీ, రాత్రిళ్ళు కాపలా పడుకున్నదీ మన పల్లె. అనుభవం గడిలో ఎక్కింది ఆయన పేరు. 1984లో కరణాల వ్యవస్థ రద్దయింది. మంచిదే. కరణం పోయాడు గానీ ఆయన రాతలు పోలేదు. కంప్యూటర్లోకి ఎక్కినవీ ఆ రాతలే. తప్పుడు రాతకి కరెంటు పెడితే ఒప్పవుద్దా?

మాకు తెలిసిన ఒక పల్లె సంగతి చెప్తాం. ఊరి పేరెందుకు, మీ పక్క ఊరే అనుకోండి. డి-ఫారం పట్టా భూమి. ఇద్దరన్నదమ్ములు మిరప వేసుకున్నారు. "ఈ భూమి నా స్వాధీనంలో ఉంది, వీళ్ళు దౌర్జన్యంగా అడ్డొస్తున్నారు, ఆపండి" అని మోతుబరి మునసబు కోర్టులో ఇంజంక్షన్ దావా వేశాడు. దౌర్జన్యం చేసేది మనమంట! సమన్లు తెచ్చిన కోర్టు అమీనాని చూసి అన్న పక్కింట్లో దాక్కున్నాడు. "మన చేలో మనం ఉంటే కోర్టుకేం పని" అన్నాడు తమ్ముడు. ఎక్స్‌పార్టీ డిక్రీ అయిపోయింది. కాయ పండి కోతకొచ్చిన రోజున ఆ డిక్రీ నకలు పట్టుకుని మోతుబరి మనుషులు చేలో దిగారు. గట్టు మీద నిలబడి చూసినోళ్ళలో మేమూ ఉన్నాం. పల్లెలో డిగ్రీలు చదువుకున్నోళ్ళం ఉండి కూడా ఆ సమన్లు విప్పి చదివి చెప్పలేదు. ఆ తప్పు మాదే.

అట్టాంటి డిక్రీ కొట్టేయమని అడగటానికి గడువు 30 రోజులు. సమన్లు సరిగ్గా అందకపోతే, డిక్రీ సంగతి తెలిసిన రోజు నుంచి 30 రోజులు. మనవాళ్ళు అది దాటి వచ్చారు. ఆలస్యం మాఫీ చెయ్యమని పిటిషనేసి ఇప్పటికీ తిరుగుతున్నారు.

మనలో కొందరు నాయకులు "దున్నేవాడిదే భూమి, కోర్టులు మనకెందుకు" అంటారు. మైకు ముందు బాగానే ఉంటది. మోతుబరి మైకు దగ్గరికి రాడు, కోర్టుకే పోతాడు. ఇంకోపక్క కొందరు ప్లీడర్లు "పాసుపుస్తకం ఉందిగా, ఇంజంక్షన్ చాలు" అని ఫీజు పుచ్చుకుంటారు. ఇదీ ముంచే మాటే. హక్కు వేరు, స్వాధీనం వేరు. వరంగల్ వైపు నుంచి పోయిన అనతుల సుధాకర్ కేసులో సుప్రీంకోర్టు 2008లో ఈ సంగతి విడమరిచి చెప్పింది. చేను మన చేతిలో ఉండి, హక్కు మీద తగాదా లేకపోతే ఇంజంక్షన్ చాలు. హక్కు మీదే మబ్బు కమ్మితే హక్కుదారుణ్ణని డిక్లరేషన్ కూడా అడగాలి. చేను చెయ్యి జారిపోతే స్వాధీనం కూడా ఇప్పించమని అడగాలి. అడగాల్సింది అడక్క ఓడిపోయిన మనవాళ్ళెందరో.

బలవంతాన గెంటేస్తే, గెంటినవాడు ప్రభుత్వం కాకపోతే, హక్కు రుజువు చెయ్యకుండానే చేను తిరిగి ఇప్పించమని ఆరు నెలల్లోపు దావా వెయ్యొచ్చు. 1963 నాటి స్పెసిఫిక్ రిలీఫ్ చట్టం ఆరో సెక్షన్ అది. ఆర్నెల్లు పెద్దమనుషుల చుట్టూ తిప్పేది ఎందుకో ఇప్పుడు తెలిసిందా?

వాది తన రుజువుతో గెలవాలి, ఎదుటివాడి దగ్గర కాగితం లేదని గెలవకూడదు. ఇది మోతుబరి వాదిగా వచ్చినా వర్తిస్తది. "మీ తాత నాకు అమ్మాడు" అని తెల్లకాగితం చూపిస్తే భయపడొద్దు. పేదలకిచ్చిన అసైన్డు భూమి అమ్మకం చెల్లదని 1977లోనే 9వ నెంబరు చట్టం వచ్చింది. ఆంధ్రలో 2023లో 20 ఏళ్ళు దాటిన పట్టాలకి సడలింపు తెచ్చారు గానీ, అది పట్టా పొందిన పేదలకీ వాళ్ళ వారసులకీ తెచ్చింది, తెల్లకాగితం రాయించుకున్న మోతుబరికి కాదు.

ఇంకో సంగతి ప్లీడర్లు చెప్పరు, పోలీసులు అసలే చెప్పరు. 1989 అట్రాసిటీ చట్టానికి 2015లో చేసిన సవరణ చదవండి. మన సొంత భూమే కానక్కర్లేదు, మన స్వాధీనంలో ఉన్న భూమిని అక్రమంగా ఆక్రమించినా నేరమే. పంట పాడుచేసినా, ఎత్తుకుపోయినా నేరమే. రికార్డు తప్పుడుగా సృష్టించటం కూడా ఆ 'అక్రమం' కిందికే వస్తదని చట్టంలోనే రాసుంది.

పక్క పొలం రైతుకి నిజం తెలుసు. ఎవరు దున్నారో ముప్పై ఏళ్ళ నుంచి చూస్తున్నాడు. అయినా మోతుబరికి ఎదురు నిలబడి బోనెక్కడు. అందుకే ఎరువుల బిల్లు, మార్కెట్ యార్డు చీటీ, బ్యాంకు పంట రుణం కాగితం, శిస్తు రశీదు, ఏదీ పొయ్యిలో పెట్టొద్దమ్మా. పంట నమోదు మన పేరున జరిగిందో లేదో ప్రతి కారులోనూ చూసుకోవాలి. వేరే పేరు ఎక్కిందా, అప్పుడే అర్జీ పెట్టి అందినట్టు రశీదు తీసుకోవాలి. పదేళ్ళ తర్వాత చెప్పుకుంటే వినేవాడుండడు. ప్లీడరుకి డబ్బుల్లేవని ఆగొద్దు. 1987 న్యాయసేవల చట్టం కింద ఎస్సీ, ఎస్టీలకి ఆదాయం అడగకుండా ఉచితంగా ప్లీడర్ని పెట్టాలి.

ఆ అన్నదమ్ముల పిటిషన్ మళ్ళీ వాయిదా పడింది. ఈసారి వాళ్ళిద్దర్నే పంపం. పల్లె మొత్తం పొద్దున మొదటి బస్సుకే బయల్దేరతాం. రాగలిగినోళ్ళు రండి. మీ ఇంట్లో పెట్టెలో ఉన్న పాత రశీదులు కూడా తెచ్చుకోండి, బస్సులోనే కూచుని చదివి పెడతాం.