ఎద్దుల బిడారు

బిడారు అనగానే మన పిల్లలకు ఎడారీ, ఒంటెలూ జ్ఞాపకం వస్తాయి. కాని మన దక్కను నేలమీద నడిచిన బిడారు ఎద్దులదే సుమండీ!

జహీరాబాదు దాటి చిరాగ్‌పల్లి దగ్గర బొంబాయి రోడ్డు పక్కన కాసేపు నిలబడండి. కర్ణాటక సరిహద్దు అక్కడికి దగ్గరే. బియ్యం, పప్పు, ఉప్పు మోసుకుని లారీలు రివ్వున పోతూ ఉంటాయి. మూడున్నర శతాబ్దాల కిందట దక్కను దారులలో ఈ బరువంతా మోసింది లంబాడీల ఎద్దులు.

ఫ్రెంచి రత్నాల వర్తకుడు టావెర్నియే 1676లో అచ్చయిన తన యాత్రాగ్రంథంలో వీరిని గురించి వ్రాశాడు. ఒక్కొక్క బిడారులో 10, 12 వేల ఎద్దులు ఉండేవట! ఇరుకు దారిలో ఎదురుపడితే, బండిలో పోయే వారు ఎంతటి వారైనా సరే, అవన్నీ దాటేదాకా రెండు మూడు రోజులు ఆగవలసిందే. బియ్యం మోసే తెగ వేరు, ఉప్పు మోసే తెగ వేరు.

హైదరాబాదులో గోలకొండకూ, 1578లో కట్టిన పురానాపూలుకూ నడుమ కార్వాన్ అనే పేట ఉన్నది. కార్వాన్ అంటే ఫార్సీలో బిడారే. ముందు నడిచే ఎద్దుకు గవ్వలు, గంటలు కట్టేవారు. ఆ గంటల చప్పుడే వెనుక మందకు దారి. ఎద్దు వీపున రెండు వైపులా వేలాడే జంట సంచిని మనవారు కంటలం అన్నారు. ఇవాళ ఆ మాట నిఘంటువులో తప్ప వినబడదు.

1874లో వాడీ నుంచి సికిందరాబాదుకు రైలు వచ్చింది. కంటలాలు దిగిపోయాయి. పని పోయిన వారికి సాయం మాట అటుంచి, పేరు కూడా చెడగొట్టారు. బ్రిటిషువారు 1871లో చేసిన నేరజాతుల చట్టం కింద పలుచోట్ల లంబాడీలకు కూడా దొంగలన్న ముద్ర పడింది. ఆ చట్టం 1952లో గాని రద్దు కాలేదు.

నగరంలో వారి పేరు బంజారా హిల్సుకు మిగిలింది. అక్కడ గజం నేల కొనాలంటే నా బోటి లెక్చరరుకు ఒక జన్మ చాలదు, ఇక తండాలో వారి మాట చెప్పాలా?

ఉప్పు తిన్న విశ్వాసం ఉండాలంటారు పెద్దలు. ఆ ఉప్పును మన ముత్తాతల ఇంటికి చేర్చినవారి పట్ల కూడా ఆ విశ్వాసం చూపవద్దా?