సినిమా లింకు పంపే ముందు ఒక్క మాట



పోయిన నెల మా క్యాంపులో ఒక తమ్ముడు ఇంటికి పంపాల్సిన 1,400 దిరహాములు పోగొట్టుకున్నడు. మలయాళం సినిమా తెలుగులో వచ్చిందని ఎవరో గ్రూపులో లింకు పెట్టిన్రు. తెరిస్తే మధ్యలో బెట్టింగ్ యాప్ వచ్చింది. మొదట 50 పెడితే 120 వచ్చినయ్. రెండు రాత్రుల్లో మొత్తం ఊడ్చుకపోయింది. సిగ్గుతో వారం దాకా ఎవ్వరికీ చెప్పలేదు.

ఐబొమ్మ సంగతి మీకు ఎరుకే. దాన్ని నడుపుతున్నడన్న ఆరోపణ మీద 2025 నవంబర్‌లో హైదరాబాద్ పోలీసులు ఒకతన్ని అరెస్ట్ చేసిన్రు. బెట్టింగ్ యాప్‌ల ప్రచారంతో పైసలు సంపాదించిన్రని పోలీసులు అన్నరు, మిగతాది కోర్టు తేల్చాలె. అప్పుడు మనోళ్లే చాలామంది ఆయనను పేదోళ్ల హీరో అన్నరు. ఆ కోపం నాకు అర్థమైతది. అక్కడ పెద్ద సినిమా వస్తే టికెట్ రేటు పెంచుతూ జీవో ఇస్తరు. ఇక్కడ మాల్‌లో టికెట్, పోయొచ్చే ఖర్చు కలిపితే రెండు మూడు రోజుల తిండి పైసలు. కానీ మన మీద జాలితో ఎవరూ సైటు పెట్టరు కదా.

హీరోకు కోట్లున్నయి, మనం చూస్తే ఆయనకేం పోతది అంటరు. హీరో గురించి నాకూ బెంగ లేదు. అయితే 2025 ఆగస్టులో హైదరాబాద్‌లో సినిమా కార్మికులు కూలి 30 శాతం పెంచమని సమ్మె చేసిన్రు, షూటింగులు ఆగినయి. లైట్లు మోసేటోళ్లు, సెట్లు కట్టేటోళ్లు. డబ్బింగ్ సినిమాకైతే తెలుగు మాటలు రాసేటాయన, గొంతు ఇచ్చేటోళ్లు ఉంటరు. తెలుగు హక్కులు కొన్నాయనకు పెట్టుబడి రాకుంటే ముందు కోత పడేది వీళ్ల కూలికే. స్లాబ్ పోసినంక ఓనర్ బిల్లు ఆపితే మన జీతం ఏమైతదో మనకు వేరే చెప్పాల్నా?

ఇక చట్టం. ఇక్కడి 2021 కాపీరైట్ చట్టం ప్రకారం అనుమతి లేకుండా సినిమాను నెట్‌లో పదిమందికి అందిస్తే కనీసం 2 నెలల జైలు గానీ, 10,000 నుంచి 1,00,000 దిరహాముల జరిమానా గానీ, రెండూ గానీ పడొచ్చు. అందుకే చూసినాయన కంటే గ్రూపులో పంచినాయనకు ప్రమాదం ఎక్కువ. బాక్స్ పెట్టి రూమ్‌కు ఇంత అని వసూలు చేసేటోళ్లు మరీ జాగ్రత్త. వీపీఎన్ ఉంది కదా అంటరు. నేరం చేయడానికో, దాచడానికో వాడితే దానికి జరిమానానే 5 లక్షల నుంచి 20 లక్షల దిరహాములు, జైలు కూడా ఉండొచ్చు. సెలవు మీద ఇంటికి పోయినప్పుడు థియేటర్‌లో ఫోన్ ఎత్తి సినిమా తీయకండి. 2023లో మార్చిన మన చట్టంలో దానికి 3 నెలల నుంచి 3 ఏండ్ల జైలు.

యూట్యూబ్‌లో హక్కులున్న కంపెనీలే పెట్టిన తెలుగు సినిమాలు బోలెడున్నయి. హిందీ రూమ్మేట్లతో చూడాలంటే గోల్డ్‌మైన్స్ ఛానల్‌లో మన సినిమాలు హిందీలో ఉంటయి. కొత్తవి కావాలంటే మా రూమ్‌లో ఆరుగురం కలిసి ఒక ఓటీటీ కట్టుకున్నం. సెలవు రోజు ఒకటే టీవీలో చూస్తం. ఏ సినిమా పెట్టాలన్న కొట్లాట మాత్రం తప్పదు.

ఆ తమ్ముడి ఇంటికి ఈ నెల కొంత సర్ది పంపినం. లింకు పెట్టినాయన అడగకముందే 100 దిరహాములు తెచ్చి ఇచ్చిండు.